పిన్ని చేతులు, వాళ్ళత్త చేతులు

నేను తీసినవి పంతొమ్మిది డాక్యుమెంటరీలు. అన్నీ పనిచేసేవాళ్ళ మీదే: బారువ ఒడ్డున చేపలు ఎండబెట్టే ఆడవాళ్ళు, కొబ్బరి దింపేవాళ్ళు, ఇటుక బట్టీలవాళ్ళు. ఏ సినిమానైనా బయట వేయకముందు అందులో ఉన్నవాళ్ళకు చూపిస్తాను. పద్దెనిమిదింటికి అది నియమంగా చేశాను. మొదటిదానికి మాత్రం అనుకోకుండా జరిగింది.

ఆ మొదటిది ఇరవై రెండు నిమిషాలు. కాశీబుగ్గ దగ్గర మా పిన్ని ఇంటి అరుగు మీద తీశాను. పిన్ని, ఇరుగుపొరుగు ఆడవాళ్ళు ముగ్గురు అక్కడ కూర్చుని కొయ్య సుత్తితో జీడిపిక్కలు కొట్టేవారు. మేస్త్రీ ప్రతి శుక్రవారం పిక్కల బస్తా ఇచ్చి, వలిచిన పప్పు తూచి పట్టుకుపోయేవాడు. పిక్క పెంకులోని రసం తగిలితే చర్మం కాలి పొరలుగా లేస్తుంది. చేతులకు రాసుకోవడానికి ఆముదం ఇవ్వాలి, ఇచ్చేవాడు కాదు. వాళ్ళు పొయ్యిలో బూడిద పూసుకునేవారు. సినిమా అంతా ఆ ఆముదం గురించే.

"ఫొటోల్లో పడినోళ్ళకి బస్తా నేదు," అని మేస్త్రీ ముందే చెప్పాడు. బాబాయికి ఆయాసం, పనికి పోలేడు. పిన్ని ఇల్లు ఆ బస్తా మీదే నడిచేది. అందుకని నేను ఒక్క ముఖమూ తీయలేదు. పిన్ని చేతులే ఎనిమిది నిమిషాలు తీసి, ఆమె చెప్పిన మాటలు నా గొంతుతో చదివాను. ఇక ఎవరూ పోల్చలేరని నా ధీమా.

టెక్కలిలో ప్రదర్శనకు వారం ఉందనగా, ఆదివారం మధ్యాహ్నం, కిటికీలకు దుప్పట్లు కట్టి అద్దె టీవీలో వాళ్ళకు వేశాను. అభిప్రాయం అడగడానికి కాదు, నా మురిపెం కొద్దీ. చేతులు కనబడ్డాయో లేదో, పక్కింటావిడ అరిచింది.

"ఓలమ్మో, మన వదిన సెయ్యే!"

"ఎలా పోల్చావత్తా?" అన్నాను.

"ఏటే, పొద్దల్లా ఎదురుగా కూకుని నేను సూసేది మీ పిన్ని మొకమనుకున్నావా? తలెత్తితే సుత్తి ఏలి మీద పడిపోద్ది. ఆ సెయ్యే సూత్తాను."

"మరి మేస్త్రీ?"

"ఆడూ అంతే. తూకమేసినప్పుడు పప్పు దాసేత్తామేమోనని మా సేతులే సూత్తాడు. మీ పిన్నికి ముక్కెరుందో నేదో కూడా ఆడికి తెల్దు."

అందరూ నవ్వారు. పిన్ని నవ్వలేదు. బొటనవేలి మీది మచ్చను కొంగులో దాచుకుంది. దాన్నే నేను రెండుసార్లు దగ్గరగా చూపించాను.

ఆ ఎనిమిది నిమిషాలు తీసేస్తే సినిమా లేదు, ఉంచితే పిన్నికి బస్తా లేదు. తీసేస్తానన్నాను. అప్పుడు మూల కూర్చున్న పిన్ని అత్తగారు, వేళ్ళు వంగక రెండేళ్ళ కిందటే పని మానేసిన మనిషి, నా ముందు చేతులు చాచింది.

"నావి తియ్యి. ముప్పై ఏళ్ళు కొట్టినాను. ఆడు నన్నేటి మానిపిత్తాడు, నానే మానీసినాను."

"నువ్వు కొట్టలేవు కదత్తా," అంది పిన్ని.

"నీకంటే బాగానే కొడతాను. నువ్వు పప్పు ఇరిసేత్తావు."

మర్నాడు తీశాం. గంటన్నరలో ముప్పై ఒక్క పిక్కలు కొట్టింది. ఇరవై ఆరు పప్పులు విరగకుండా వచ్చాయి. మిగతా అయిదూ నేను మాట్లాడించడం వల్లే విరిగాయట.

టెక్కలిలో మేస్త్రీ రెండో వరసలో కూర్చున్నాడు. తెర మీద చేతులు రాగానే నవ్వాడు. "ఇవి మన ముసిల్దాని సేతులు. ఎప్పుడో మానీసింది," అని పక్కవాడితో అన్నాడు. ఆ శుక్రవారం పిన్నికి బస్తా ఇచ్చాడు. ఆముదం కూడా పదకొండు వారాలు ఇచ్చి, ఆపేశాడు.

పని మానేసిన చేతులను పని చేస్తున్నట్టు చూపించాను. నా సినిమాల్లో అబద్ధం అదొక్కటే. తేదీ వేసి పుస్తకంలో రాసుకున్నాను. పిన్ని చేతులున్న క్యాసెట్టు నా దగ్గరే ఉంది, ఇంతవరకు బయట వేయలేదు.

ముసలమ్మ మాత్రం బతికున్నన్నాళ్ళూ నన్ను వదల్లేదు. ఎప్పుడు వెళ్ళినా, గడపలో ఉండగానే అందుకునేది.

"నా సేతులు టెక్కలి ఎల్లొచ్చినాయి. నన్ను ఒక్కపాలైనా తీసుకెల్లావేటే?"