యీషున్‌లో కోటేశ్వరి గారి రాహుకాలం

ఫుట్‌బాల్ గురించి కోటేశ్వరికి తెలిసింది ఒక్కటే. బంతిని చేత్తో పట్టుకునే హక్కు పదకొండు మందిలో భరద్వాజ్ ఒక్కడికే ఉంది, వాడికేమో పట్టుకోవడం రాదు. అయినా రెండువేల సంవత్సరంలో ఆ జట్టు ఆమె మాట లేనిదే మైదానంలో కాలు పెట్టేది కాదు.

కుర్రాళ్లంతా కాకినాడలో ఒకే ఇంజినీరింగ్ కాలేజీలో చదివినవాళ్లు. కంప్యూటర్ వచ్చినవాడిని కళ్లకద్దుకుని తీసుకునే రోజులవి. ఒకడి వెనక ఒకడు సింగపూర్ వచ్చి, బ్యాంకులన్నీ ఉండే రాఫెల్స్ ప్లేస్‌లో ఉద్యోగాలకు కుదిరి, యీషున్‌లో కోటేశ్వరి వాళ్ల బ్లాకులోనే రెండు ఫ్లాట్లలో దిగారు. ఆదివారం భోజనం మాత్రం ఆమె ఇంట్లోనే.

కోటేశ్వరిది రామచంద్రపురం. చదువు ఏడో తరగతితో ఆగింది. ఎలక్ట్రానిక్స్ ఫ్యాక్టరీలో సూపర్‌వైజరైన భర్త సాంబమూర్తితో వచ్చి తొమ్మిదేళ్లయింది. ఏటా పుట్టింటి నుంచి గోడ క్యాలెండర్ తెప్పించుకునేది. ఆమె అందులో చూసి చెప్పిన వేళకు గడప దాటి కృష్ణప్రసాద్ ఇంటర్వ్యూలో నెగ్గాడు. మర్నాటి నుంచి మిగతా పదిమందీ వరసకట్టారు. ఇంతింత చదువుకున్నవాళ్లు తన నోటివంక చూస్తూ నిలబడటం ఆమెకు ఎంత బాగుండేదో సాంబమూర్తికి కూడా చెప్పలేదు.

ఇంతలో వాళ్లు ఒక లీగ్‌లో పేరిచ్చారు. ప్రతి ఆదివారం సాయంత్రం ఐదింటికి ఆట.

"ఐదింటికేంటి నాయనా, ఆదివారం నాలుగున్నర నుంచి ఆరుదాకా రాహుకాలం," అంది కోటేశ్వరి.

"టైమ్ మనకోసం మార్చరు ఆంటీ," అన్నాడు కెప్టెన్ మహీధర్.

"వాళ్లెందుకు మార్చడం? నాలుగున్నర లోపే మైదానంలో కుడికాలు పెట్టి కూర్చోండి. పని మొదలెట్టినట్టే లెక్క."

అలాగే కూర్చున్నారు. అవతలి జట్టు చెట్టు నీడన చల్లటి బార్లీనీళ్లు తాగుతుంటే, వీళ్లు మైదానం నడుమ అరగంటసేపు ఎండలో వడియాల్లా ఎండేవాళ్లు. ఇదేమిటని రిఫరీ అడిగితే వార్మప్ అన్నాడు మహీధర్. అందులో అబద్ధమేమీ లేదు. ఈల వేసేసరికి సగంమందికి కళ్లు తిరుగుతుండేవి.

ఎనిమిది ఆటలు, ఎనిమిదీ ఓటమి. ఒక్క గోలూ కొట్టలేదు.

"మమ్మీ, స్టార్ట్ కాకముందే దే ఆర్ ఆల్రెడీ డెడ్ లా," అంది పదకొండేళ్ల కూతురు ఉజ్వల, సింగపూర్ యాసలో.

"నువ్వు ఊరుకో. రాహుకాలంలో దిగుంటే ఇంకా ఎన్ని పడేవో."

చివరి ఆట రోజున కోటేశ్వరి పులిహోర కలుపుదామని ఐదున్నరకే లేచింది. పోపు పెట్టి అలవాటుగా క్యాలెండర్ వంక చూసింది. సూర్యోదయం ఆరు గంటల రెండు నిమిషాలు అని ఉంది. గడియారంలో ఆరుంపావు. కిటికీలోంచి చూస్తే చీకటి. ఆరున్నరకూ చీకటే. ఇక్కడ ఏడైతే గాని తెల్లవారదని తొమ్మిదేళ్లుగా చూస్తూనే ఉంది. ఆ సంగతీ ఈ క్యాలెండరూ ఆమె బుర్రలో ఏనాడూ ఎదురుపడలేదు, అంతే.

పగటిని ఎనిమిది భాగాలు చేస్తే ఆదివారం రాహుకాలం చివరి భాగం. పొద్దు ఆరింటికి పొడిచే చోట అది నాలుగున్నరకు మొదలవుతుంది. ఏడింటికి పొడిచే చోట? వేళ్లమీద మూడుసార్లు లెక్కపెట్టింది. మూడుసార్లూ ఐదున్నరే వచ్చింది. ఈలోగా పోపు మాడిపోయింది.

"చెప్పకు," అన్నాడు సాంబమూర్తి పళ్లు తోముకుంటూ. "ఇంకొక్క ఆటే కదా. ఎవరికి తెలుస్తుంది?"

నిజమే. చెబితే రేపటి నుంచి తన గడప దగ్గర ఎవరు నిలబడతారు? కోటేశ్వరి మధ్యాహ్నందాకా నోరు మెదపలేదు. భరద్వాజ్ మారు వడ్డించమని వంగినప్పుడు వాడి మెడ కనిపించింది. ఎండకు కమిలి, పొట్టు రేగిన మెడ.

"ఇవాళ ఎండలో కూర్చోకండి," అంది గరిటె కింద పెట్టి. "నేను చెప్పింది తప్పు. అది రామచంద్రపురం రాహుకాలం. ఇక్కడ ఐదున్నరకి మొదలు."

అందరి చేతులూ విస్తళ్లలో ఆగిపోయాయి.

"ఏ దేశంలో ఎంత టైమో చూసుకునే ప్రోగ్రాం బ్యాంకుకి రాసిచ్చింది మేమే ఆంటీ," అన్నాడు మహీధర్ నీరసంగా. "పదకొండు మందిలో ఒక్కడికీ తట్టలేదు."

"మరి నా ఇంటర్వ్యూ?" అన్నాడు కృష్ణప్రసాద్.

"బుధవారం ఒంటిగంటన్నర దాటాక పంపాను. అంటే అసలు రాహుకాలంలోనే."

"ఉద్యోగం ఇచ్చారే."

"ఎలా ఇచ్చారో నాకూ తెలీట్లేదు నాయనా."

అందరూ తలలు దించుకుని మళ్లీ తినడం మొదలెట్టారు. అయిపోయింది నా పెద్దరికం అనుకుంది కోటేశ్వరి. పులిహోరలో మాడు వాసన గురించి కూడా ఎవరూ మాట్లాడకపోవడంతో ఆమెకు మరీ దిగులేసింది.

ఆ సాయంత్రం కోటేశ్వరి కూడా ఆట చూడటానికి వెళ్లింది. కుర్రాళ్లు ఐదుదాకా నీడన ఉండి మైదానంలోకి దిగారు. ఓపికగా పరుగెత్తారు. మొదటి సగంలో ఒక్క గోలూ పడలేదు. భరద్వాజ్ రెండుసార్లు బంతిని పట్టుకుని, తర్వాత దాన్నేం చేయాలో తెలియక చాలాసేపు అలాగే నిలబడ్డాడు.

విరామం అయిపోయింది. ఐదూ యాభై. రిఫరీ ఈల వేశాడు. ఎవరూ కదల్లేదు. పదకొండు మందీ గీత బయట నిలబడి బెంచీమీదున్న కోటేశ్వరి వంక చూస్తున్నారు.

"ఆంటీ, రాహుకాలం వచ్చేసింది కదా," అన్నాడు మహీధర్. "ఇప్పుడు దిగొచ్చా?"

రిఫరీ మళ్లీ ఈల వేశాడు. ఇలాంటిదానికి క్యాలెండర్‌లో జవాబు లేదు. కోటేశ్వరి గొంతు సవరించుకుంది.

"మొదలెట్టింది ఐదింటికి. మధ్యలో నీళ్లు తాగినంత మాత్రాన కొత్త పని అవదు. వెళ్లండి."

వెళ్లారు. భరద్వాజ్ వెనక రెండు గోల్స్ పడ్డాయి. తర్వాత ఎవరో తన్నిన బంతి అటు తిరిగి బూటు లేసు కట్టుకుంటున్న కృష్ణప్రసాద్ వీపుకు తగిలి అవతలివాళ్ల గోల్‌లోకి వెళ్లింది. ఓడిపోతున్న జట్టు అంతసేపు ఎందుకు గంతులేస్తోందో అవతలివాళ్లకు అర్థం కాలేదు. రిఫరీ గడియారం చూపించాక గాని ఆపలేదు.

రెండు-ఒకటితో ఓడి, చెమటలు కక్కుతూ వచ్చి బెంచీ ముందు వరసగా నిలబడ్డారు.

"వచ్చే సీజన్‌కి పేర్లివ్వాలి ఆంటీ," అన్నాడు మహీధర్. "రేపు ఏ టైమ్ మంచిది?"

కోటేశ్వరి కొంగు సర్దుకుని తాపీగా లేచింది.

"రేపు పొద్దు పొడవనీ," అంది. "చూసి చెబుతాను."