అప్పీలు చేసిన అంపైరు

ఒక్క అరుపుతో పదకొండు మందిని నిలువునా ముంచిన ఘనుణ్ణి నేను. ఎలా ముంచానో చెబుతాను, నవ్వకుండా వినండి. నవ్వినా నేనేం చేయగలను లెండి!

యూనివర్సిటీలో కెమిస్ట్రీకీ జియాలజీకీ క్రికెట్ ఫైనల్. నేను చదివేది తెలుగు, అంటే ఎవరివాణ్ణీ కాదు. పైగా రూల్సన్నీ బట్టీపట్టి క్యాంటీన్లో అందరి ప్రాణాలూ తోడేసేవాణ్ణి. ఆ పాపానికి నన్నే అంపైర్ని చేశారు. చిక్కేమిటంటే, కెమిస్ట్రీ బౌలర్ శీను నా ప్రాణస్నేహితుడు. చదువైపోవస్తోంది, కప్పు మాత్రం వాడు ఒక్కసారీ ముట్టుకోలేదు. పొద్దున తార్నాకలో టీ తాగుతూ ఒకటే మాటన్నాడు.

"అరేయ్, ఫేవర్ వద్దు. ఔటైతే ఔటియ్యి, గంతే."

చివరి బంతి. జియాలజీ గెలవడానికి రెండు పరుగులు కావాలి. శీను వేశాడు. బంతి సరిగ్గా వికెట్ల ముందు బ్యాటర్ ప్యాడ్‌కి తగిలింది. పచ్చి ఎల్బీ! మా అమ్మమ్మనడిగినా ఔటనే అంటుంది. కానీ శీను జారి బోర్లా పడ్డాడు. కీపర్ బంతి వెంట పరుగెత్తాడు. ఈలోగా బ్యాటర్లు రెండు పరుగులూ తీసేశారు. ఒక్కడూ అప్పీలు చేయడే! ఫీల్డింగ్ వాళ్లు అడగనిదే అంపైరు ఔటివ్వకూడదు. అది రూలు. అడగండ్రా, అడగండ్రా అని లోలోపల మొక్కుకుంటున్నాను.

"హౌజాట్!"

గ్రౌండంతా దద్దరిల్లింది. హమ్మయ్య అనుకుని వేలెత్తేశాను. తీరా చూస్తే అందరూ నోళ్లు తెరుచుకుని నా వైపే చూస్తున్నారు. అరిచింది నేనే.

జియాలజీ కెప్టెన్ వంశీ, కాకినాడ వాళ్లబ్బాయి, నింపాదిగా నడిచొచ్చాడు.

"అప్పీల్ చేసిందెవరు గురూ?"

"నేనే."

"ఔటిచ్చిందెవరు?"

"నేనే."

"మరి బౌలింగు కూడా నువ్వే వేసుకోలేకపోయావా?"

అందరూ చుట్టుముట్టారు. ఒకడు నా కాలర్ మీద చెయ్యి వేశాడు. భయంతో బుర్ర పనిచేయడం మానేసింది. "నాటౌట్! ఆట అయిపోయింది!" అని కేకేసి, వికెట్ల మీది బెయిల్స్ తీసి జేబులో వేసుకున్నాను. జియాలజీ వాళ్లు ఎగిరి గంతేశారు.

అప్పటికి శీను మోకాళ్లు దులుపుకుంటూ కుంటుతూ వచ్చాడు.

"ఏందిరా ఈ లొల్లి? ఇప్పుడు నేను అడుగుతున్న. హౌజాట్?"

"బెయిల్స్ తీసి ఆట ముగించాక అడగకూడదురా."

"మరి తియ్యక ముందు?"

"ఎప్పుడైనా అడగొచ్చు."

శీను నన్ను తేరిపార చూశాడు. "అంటే నువ్వు జర నోరు మూసుకొని నిలవడితే, నేను లేచి అడుగుతుంటి గదరా!"

నిజమే. ఆ రూలు కూడా నాకు కంఠతా వచ్చు. సిగ్గుతో చచ్చిపోయాను.

కాబట్టి సమస్త జనులకూ ఇందుమూలంగా తెలియజేయునది ఏమనగా, ఈ జన్మలో ఎవరూ అడగనిదే నేను నోరు విప్పను. మొన్న మా ఆవిడ సాంబారులో ఉప్పు వేయడం మరిచిపోయింది. ఆవిడ అడిగేదాకా మాట్లాడకుండా మూడుసార్లు వేయించుకుని తిన్నాను.