ఫైల్లో లేని పుంజు

కొర్చా ఊళ్ళో థిమాక్ మంగలి. నియంత ఏలిన రోజుల్లో ఒక జోకు చెప్పినందుకు మూడేళ్ళు రాగి గనిలో జైలుశిక్ష అనుభవించాడు. ప్రభుత్వం మారి, రహస్య పోలీసుల ఫైళ్ళు బయటపెట్టాక తన ఫైలు తెప్పించుకుని చదివాడు. ఆ జోకును పోలీసులకు మోసింది పక్కింటి గాచో. థిమాక్ ఒళ్ళు మండిపోయి తిన్నగా వాళ్ళింటికి వెళ్ళాడు.

"ఒరేయ్, కోళ్ళన్నీ మీటింగు పెట్టుకుని రోజుకి రెండేసి గుడ్లు పెడతామని తీర్మానించాయని రాశావు. అన్నిటికంటే గట్టిగా చప్పట్లు కొట్టింది పుంజు అన్నాను కదరా! పుంజు ఏదీ? అది లేకపోతే నవ్వెక్కడిది?"

గాచో తల దించుకున్నాడు. "పుంజంటే ఎవరో వాళ్ళకి ఇట్టే తెలిసిపోయేది. నీకు పదేళ్ళు పడేవిరా."

"పడితే పడేవి! నవ్వురాని జోకుకి మూడేళ్ళు గనిలో తోయించావు."

మర్నాడు థిమాక్ ఫైళ్ళ ఆఫీసుకు వెళ్ళి జోకు దిద్దమన్నాడు.

"శిక్ష రద్దు చేయించుకోవచ్చు తాతగారూ, ఇదిగో దరఖాస్తు. జోకు దిద్దడానికి రూలు లేదు," అంది గుమస్తా అమ్మాయి. "ఇంతకీ ఏమిటా జోకు?"

చెప్పాడు. ఆమె పగలబడి నవ్వి, కళ్ళు తుడుచుకుని, ఒక తెల్లకాగితం మీద పుంజు సంగతి రాసి, ముద్ర కొట్టి ఫైల్లో కుట్టేసింది. శిక్ష రద్దు దరఖాస్తు మీద సంతకం పెట్టడం మరిచిపోయి, థిమాక్ హాయిగా ఇంటికి వెళ్ళిపోయాడు.