పరతల యంత్రం

వరంగల్‌లో ఒక లోకం నుంచి ఇంకో లోకానికి పోయే యంత్రాన్ని తయారుచేసిన మొదటి మనిషిని నేనే. కాగితం మీదే అనుకోండి. అయినా నాకంటే ముందు చేశామని ఇంతవరకు ఎవరూ వచ్చి చెప్పలేదు కాబట్టి ఆ గౌరవం నాదే.

ఎనభైల మొదట్లో మాట. హనుమకొండలో ఆడపిల్లల బడిలో లెక్కలు చెప్పేదాన్ని. వరంగల్ చౌరస్తా వెనక ఒక ప్రెస్సులో అచ్చయ్యే వారపత్రికకు సీరియల్ రాసేదాన్ని. కథలో ఒక రేడియో మెకానిక్ పాత రేకు పెట్టెకు వాల్వులూ, టేబుల్ ఫ్యాన్ మోటారూ బిగించి యంత్రం చేస్తాడు. పెట్టెలో వస్తువు పెట్టి, మూత వేసి, మర తిప్పితే అది మాయమై ఇంకో తలంలో తేలుతుంది. అప్పటికి ఒక తాళంచెవి అట్లా పోయింది. తలం అంటే రేఖాగణితంలో పిల్లలకు చెప్పే తలమే. పుస్తకంలో ఈ పేజీ అక్షరాలకు వెనక పేజీ అక్షరాల సంగతి తెలియదు కదా, అట్లాగే మన వరంగల్‌ను ఆనుకుని ఇంకో వరంగల్ ఉందని నా లెక్క. దానికి పరతలం అని పేరు పెట్టాను. యంత్రం పేరు పరతల యంత్రం. ఆ మాట తట్టిన రోజు నా భుజం నేనే తట్టుకున్నాను. దయ్యాలూ దేవుళ్లూ లేకుండా, ఎక్కడా లెక్క తప్పకుండా రాస్తున్నానని స్టాఫ్ రూములో గొప్పలు కూడా పోయాను.

ప్రతి శనివారం మధ్యాహ్నం బడి వదిలాక ప్రెస్సుకు పోయి ప్రూఫులు దిద్దేదాన్ని. ఐదో వారం పరీక్ష పేపర్ల పని మీద పడి పోలేకపోయాను. పత్రిక చేతికొచ్చాక చూస్తే, పేరుతో సహా అన్నిచోట్లా ‘పరలోక యంత్రం’ అని పడింది.

ఒళ్లు మండిపోయింది. ప్రెస్సులో అక్షరాలు ఏరి పేర్చే కంపోజిటర్‌ను అందరం చాచా అనేవాళ్లం. తెలుగు అక్షరాల గళ్లు కళ్లు మూసుకున్నా ఆయన చేతికి తగిలేవి. పోయి పత్రిక ఆయన ముందు పరిచాను.

“ఇదేంది చాచా? నేను రాసిందేంది, మీరు పెట్టిందేంది?”

“మీరు రాసిందే తప్పు టీచరమ్మా,” అన్నాడు తాపీగా. “పరతల అంటే వేరేటోళ్ల తలకాయ అనుకోరా జనం? తలకాయలు మార్చే మిషన్ అనుకుంటరు. నాలుగు వారాలు ఊకున్న. ఇగ మనసొప్పక నేనే సాఫ్ చేసిన.”

అయినా నేను దిగిరాలేదు. వచ్చే సంచికలో సవరణ పడాల్సిందేనన్నాను. ‘పరలోక అని పడిన చోటల్లా పరతల అని చదువుకోగలరు.’ ఆయన గొణుక్కుంటూనే పేర్చాడు. నేను పక్కనే నిలబడి ఒక్కో అక్షరం సరిచూస్తుంటే గడప దగ్గర ఎవరో దగ్గారు. ఒక ముసలామె.

“పెట్టె కత రాసే టీచరమ్మ ఎవలు బిడ్డా?”

నేనేనన్నాను. ఆమెది పాలంపేట దిక్కు. మనవరాలు ప్రతివారం పత్రిక చదివి వినిపిస్తుందట. బస్సులు మారి వచ్చింది. కూర్చోమంటే కూర్చోలేదు. కొంగుముడి విప్పి ఒక కళ్లద్దాల జత నా ముందు పెట్టింది. నల్ల ఫ్రేము, మందపాటి అద్దాలు, చెక్కు చెదరని కొత్తవి.

“మా ముసలాయనయి. రెండు కండ్లల్ల పొరలు వస్తే ములుగుల క్యాంపు పెట్టి ఆపరేషన్ చేసిన్రు. అద్దాలు నెలైనంక ఇస్తమన్నరు. ఇచ్చే యాళ్లకు ఆయన పోయి మూడు దినాలు. ఒక్కపారి సుత పెట్టుకోలే. ఆడ గూడ గోడలు పట్టుకొని తడుముకుంట తిరుగుతాండేమో, నాకదే ఫికర్. జర నీ పెట్టెల పెట్టి పంపు బిడ్డా.”

చాచా చెయ్యి ఆగిపోయింది. లేని ఆశ పెట్టడం అన్యాయమనిపించింది. అచ్చులో తప్పు పడిందని, అది చచ్చిపోయినవాళ్లు ఉండే లోకం కాదని, అసలు పెట్టే లేదని, అంతా నేను అల్లిన కథేనని చెప్పాను. పుస్తకం పేజీల ఉదాహరణ కూడా మొదలుపెట్టాను. ఆమె చివరిదాకా విన్నది. మా బడి పిల్లలు కూడా అంత ఓపికగా వినరు.

“కత అని నాకెరుకనే బిడ్డా. నిజం పెట్టె ఉంటే నీ తాన ఉండనిస్తరా, సర్కారోళ్లు గుంజుకపోరా? నీ కతల తాళంచెవి పోయిందంటే పోయింది గదా. గట్లనే ఇవి గూడ కతలనే పంపుమంటున్న.”

పదేళ్లుగా పిల్లల తప్పులు దిద్దుతున్నా, ఆమె లెక్కలో నాకు తప్పు దొరకలేదు. పంపుతానని మాటిచ్చాను. కథలో పంపడానికి ఇవి అక్కర్లేదని అద్దాలు ఆమె చేతిలోనే పెట్టి, వచ్చే శనివారం వస్తే నేనే చదివి వినిపిస్తానన్నాను. ఆమె పోయాక సవరణ వద్దని చాచాకు చెప్పాను. ఆయన పేర్చిన అక్షరాలు విప్పి, వేటి గడిలో వాటిని వేసుకున్నాడు.

ఆ వారం రాసినంత జాగ్రత్తగా నేనెప్పుడూ రాయలేదు. పరలోకమని ఒప్పుకుంటే నా లెక్క మొత్తం కూలుతుంది. పరతలమని పట్టుబడితే ఆ ముసలాయన చీకట్లోనే ఉండిపోతాడు. ఆ రెండు మాటలూ వదిలేసి ‘అవతల’ అని రాశాను. మెకానిక్ అద్దాలను చొక్కా అంచుతో తుడిచి, పెట్టెలో తువ్వాలు మడిచి దాని మీద పెట్టి మర తిప్పుతాడు. తెరిచి చూస్తే తువ్వాలు ఒక్కటే ఉంటుంది. అంతవరకు నా కథలో అవతలి పక్క ఏముందో ఎవరూ చూడలేదు, చూపించకూడదన్నది నేను పెట్టుకున్న నియమం. పెట్టింది నేనే కాబట్టి తీసేసే హక్కూ నాదే అనుకుని ఇంకో వాక్యం రాశాను. అవతల ఒక ముసలాయన గోడ మీద నుంచి చెయ్యి తీసేసి వాకిట్లోకి నడిచాడు.

శనివారం నేను రమ్మన్నట్టే ఆమె వచ్చింది. ఈసారి స్టూలు మీద కూర్చుంది. ఆ వారం ప్రూఫులు చేతిలోకి తీసుకుని మొదటినుంచీ చదివాను. గోడ మీద నుంచి చెయ్యి తీసేసిన చోట ఆపమంది.

“గది మళ్లొక్కపారి చదువు.”

మళ్లీ చదివాను. ఆమె కొంగుముడి విప్పి అద్దాలు తీసి నా ప్రూఫుల మీద పెట్టింది.

“అవి నీ తాన్నే ఉండనియ్యి అవ్వా,” అన్నాను.

“పంపినంక ఇంక నా తాన ఎట్లుంటయి బిడ్డా,” అని, బస్సు టైమైతున్నదని లేచి వెళ్లిపోయింది.