ఖాళీ డ్రమ్ములోంచి జవాబు

పాతాళంలోంచి పిలిచినా వినే నా నారాయణుడికి ముందుగా శతకోటి నమస్కారాలు. ఆయన పేరు పలికే నోటితో అబద్ధం ఆడను. ఇది నిజంగా జరిగింది... పోయిన చలికాలం, పనికోసం వచ్చి స్థిరపడిన ఈ హిందీ ఊళ్లో, రిసాలిలోని మా ఇంట్లో.

మా ఆయన ఒక చిన్న ప్రైవేటు కార్ఖానాలో ట్యాంకులు శుభ్రం చేసేవారు. ఆ పనికి జోడీగానే వెళ్లాలి. ఒకరు లోపలికి దిగుతారు. ఇంకొకరు బయట కూర్చుని పానాతో ట్యాంకు మీద ఒక దెబ్బ కొడతారు. లోపలివాడు రెండు దెబ్బలతో జవాబివ్వాలి. బతికే ఉన్నానని. జవాబు రాకపోతే వెంటనే తాడు లాగాలి.

ఆ రోజు లోపల ఆయన జోడీ సాహూ భయ్యా. బయట మా ఆయన. లోపల గ్యాసు నిండింది. దానికి వాసన ఉండదు. ఒక దెబ్బకు జవాబు రాలేదు. వెంటనే తాడు లాగారు. అప్పటికే ప్రాణం పోయి చాలాసేపైందన్నారు ఆసుపత్రిలో.

"అంతకుముందు దెబ్బకి జవాబొచ్చింది. నాను ఇన్నాను," అంటారు మా ఆయన. ఎవరూ నమ్మలేదు. చివరికి ఆయన కూడా తన చెవులను నమ్మడం మానేశారు. తానే చంపాననుకున్నారు.

ఇక నిద్ర లేదు. కుక్కర్ విజిల్ వేస్తే వీధిలోకి పరుగు. తలుపులు మూయనివ్వరు.

"ఇది పిచ్చి కాదమ్మా," అంది ఆయన్ను చూసిన డాక్టరమ్మ. "మనసుకు తగిలిన దెబ్బ. పీటీఎస్‌డీ అంటారు. మీరనుకునే దానికంటే ఎక్కువ ఇళ్లలో ఉంది."

నేను నమ్మలేదు. ఒకరోజు భజన అయ్యాక ప్రసాదం పంచుతూ మా ఆయన సంగతి నోరు జారాను. పార్వతి వదిన చెయ్యి ఆగిపోయింది.

"ఓలమ్మా! మీ ఇంట్లోనూ అంతేటి? బండి యాక్సిడెంటయిన కాడ్నుంచి మా మరిది హారన్ ఇంటే మంచం కిందకి దూరిపోతాడు. ఎవలికి సెప్పుకుంటాం?"

ఆ పక్కన కూర్చున్న హిందీ దీదీ కూడా కొంగుతో కళ్లు తుడుచుకుంది. ఎన్నేళ్లుగానో పక్కపక్కనే కూర్చుని పాడుతున్నాం... ఒకరి ఇంట్లో రాత్రి ఏం జరుగుతుందో ఇంకొకరికి తెలియదు.

ఇక ఆ రాత్రి సంగతి...

మెలకువ వచ్చింది. పక్కన ఆయన లేరు. పెరట్లో చప్పుడు.

టంగ్.

నీళ్లు పట్టుకునే ఇనుప డ్రమ్ము. సాయంత్రమే కడిగి, ఖాళీగా మూత పెట్టాను. దాని ముందు ఆయన గొంతుక్కూర్చున్నారు. చేతిలో పానా. కళ్లు తెరిచే ఉన్నాయి... నన్ను చూడటం లేదు.

"భయ్యా... సున్ రహే హో? జవాబ్ దో భయ్యా..." వింటున్నావా, జవాబివ్వు అని అడుగుతున్నారు.

టంగ్.

మెడ వంచి విన్నారు. నేనూ గడప మీద నిలబడి ఊపిరి బిగబట్టాను. మంచు కురుస్తోంది. ఒక్క కుక్క కూడా మొరగడం లేదు...

అప్పుడు...

టక్.

...

టక్.

డ్రమ్ము లోపలి నుంచి. నెమ్మదిగా. వేలి కణుపుతో తట్టినట్టు.

పానా ఆయన చేతిలోనే ఉంది. గాల్లోనే ఉంది. డ్రమ్ముకు తగలలేదు.

ఇన్నేళ్ల పారాయణ... నా నాలుక మీదకు ఒక్క నామం రాలేదు.

ఆయన ఇటు తిరిగారు. ఈసారి నిజంగా నన్నే చూశారు.

"సుజాతా... ఇన్నావా?"

ఏం చెప్పను? లేదంటే... తానే చంపాననుకుంటూ మళ్లీ ఆ చీకట్లోకి వెళ్లిపోతారు. ఔనంటే... మరి లోపల ఎవరున్నట్టు? ఆయనకు ఏమైనా వినిపిస్తే ఏం చేయాలో డాక్టరమ్మ చెప్పింది. నాకు వినిపిస్తే ఏం చేయాలో చెప్పలేదు.

"ఇన్నానండీ," అన్నాను. "రెండు దెబ్బలు."

పానా జారిపడింది. నేను వెళ్లి పక్కన కూర్చుంటే నా ఒళ్లో తల పెట్టుకుని ఏడ్చారు. సాహూ భయ్యా పోయాక ఏడవడం అదే మొదలు. "అయితే ఆ రోజూ వొచ్చిందే... నాను తప్పు ఇన్నేదే..."

మూత తీసి టార్చి వేశాను. ఏమీ లేదు. పొడిగా ఉంది.

చలికి ఇనుము ముడుచుకుంటే అలా చప్పుడవుతుందన్నాడు పక్కింటి ఇంజినీరు బాబు. కావచ్చు. ఇన్నాళ్లు పక్కన పడుకుని ఆయన భయం నాకూ అంటుకుందేమో. అదీ కావచ్చు. కానీ ఆయన అడిగాకే ఎందుకు మోగింది? సరిగ్గా రెండుసార్లే ఎందుకు మోగింది?

ఆయన ఇప్పుడు మందులు వేసుకుంటున్నారు. నిద్రపోతున్నారు కూడా. నేనే మేలుకుని ఉంటున్నాను. డ్రమ్ము ఎప్పుడూ అంచుదాకా నింపి ఉంచుతున్నాను. అయినా చీకటి పడితే నా చెవి అటే...

మీరూ ఒక్కసారి నాతో కళ్లు మూసుకోండి. లోపల ఉండిపోయినవాడి కోసం. బయట కూర్చుండిపోయినవాడి కోసం. చేతులు జోడించి నారాయణా అనండి. గట్టిగా అనండి... ఆ చప్పుడు నాకు వినపడనంత గట్టిగా.