గాలి లేని పూట తిరిగిన రెక్కలు

మా సైన్సు మాస్టారు పోయారని ఫోన్ వచ్చినప్పుడు నేను గుడివాడ బస్టాండులో బందరు బస్సు కోసం చూస్తున్నాను. అప్పుడే కరెంటు పోయింది. తల మీది ఫ్యాను పూర్తిగా ఆగేదాకా దాన్నే చూస్తూ ఉండిపోయాను. ఆయన దగ్గర చదువుకున్నవాళ్ళకి ఫ్యాను చూస్తే ఆయనే గుర్తొస్తారు.

దివిసీమలో సముద్రానికి దగ్గరగా ఉన్న మా ఊరి హైస్కూల్లో, గాలిమర పాఠం రోజు ఆయన టేబుల్ ఫ్యాను తెచ్చి బల్ల మీద పెట్టేవారు. "ఇది కరెంటు తిని గాలిస్తుంది. గాలిమర గాలి తిని కరెంటిస్తుంది. అంతేనర్రా, తిరగేసిన ఫ్యాను!"

"అయితే రెండూ ఎదురెదురుగా పెడితే ఎప్పటికీ తిరుగుతూనే ఉంటాయా అండీ?" అని అడిగాను. క్లాసంతా నవ్వింది. ఆయన నవ్వలేదు.

"ఉండవమ్మాయ్. తిరిగే ప్రతిదీ కొంచెం తినేస్తుంది. బయటినుంచి ఎవరో ఒకరు ఊదుతూ ఉండాలి."

ఇవాళ నేను బందరులో పిల్లలకి సైన్సు చెబుతున్నానంటే, ఆయన ఆ రోజు నవ్వకపోవడమే కారణం.

రిటైరయ్యాక డాబా మీద సొంతంగా గాలిమర కట్టుకున్నారు. పాత సామాన్ల కొట్లో దొరికిన మోటారు, పీవీసీ పైపు కోసి చెక్కిన మూడు రెక్కలు. గాలి రెక్క వంపు మీద జారుతూ దాన్ని పక్కకి లాగుతుంది. రెక్కతోపాటు ఇరుసు, ఇరుసుతోపాటు అయస్కాంతాల మధ్య రాగి తీగచుట్ట తిరుగుతాయి. ఆ తీగలో పుట్టిన కరెంటు బ్యాటరీలో చేరి, గూట్లో వాళ్ళమ్మగారి ఫొటో ముందు చిన్న బల్బు వెలిగించేది.

సాయంత్రం సముద్రపు గాలి లేస్తే ఆ రెక్కలు మూలిగేవి. గాలి సోకుతుందని ఊళ్ళో ఆడవాళ్ళు పిల్లల్ని అటు పంపేవారు కాదు. "సోకాలనే కదా కట్టాను!" అని ఆయన నవ్వేవారు. చిన్నప్పుడు ఉప్పెనలో తల్లిని పోగొట్టుకున్న మనిషి. ఒక్కసారే నాతో అన్నారు: "మా అమ్మని తీసుకెళ్ళిన గాలి కదమ్మా. ఊరికే తిరగనిస్తానా? దీపం పెట్టిస్తున్నాను."

మోటారుకీ బ్యాటరీకీ మధ్య చిన్న డయోడు ఉండేది. దాన్ని ఆయన డ్రెయిను తలుపు అనేవారు. మన పొలాల మురుగునీరు కాలువ చివర ఆ తలుపు తోసుకుని సముద్రంలోకి పోతుంది, పోటొస్తే తలుపు మూసుకుని ఉప్పునీటిని ఎదురు రానివ్వదు. "ఇది పాడైతే బ్యాటరీలో కరెంటు వెనక్కి మోటారులోకి ఎక్కేస్తుంది. అప్పుడు గాలిమర మళ్ళీ ఉత్త ఫ్యానే" అని చెప్పారు.

పెద్దకర్మనాడు మధ్యాహ్నం ఒకటే ఉక్క. ఆకు కదలడం లేదు. డాబా మీద విస్తట్లో ఆయనకిష్టమైనవి వడ్డించి కాకి కోసం నిలబడ్డాం. పిట్టగోడ మీద కాకులున్నాయి, దిగడం లేదు. మాస్టారి భార్య, మా అందరికీ అత్తయ్యగారు, "ఏం కోరిక మిగిలిపోయిందండీ మీకు?" అని ఆకాశాన్ని అడుగుతున్నారు.

అప్పుడు చూశాం. రెక్కలు తిరుగుతున్నాయి. మూలుగు లేదు, చప్పుడు లేదు. కొందరు గబగబా మెట్లు దిగిపోయారు. అబద్ధమెందుకు, నాకూ ఒళ్ళు జలదరించింది. కాసేపటికి డ్రెయిను తలుపు గుర్తొచ్చింది.

"నిన్నటి పిడుగులకి డయోడు పోయినట్టుంది అత్తయ్యగారూ. బ్యాటరీయే తిప్పుతోంది. కాకులు దానికి బెదురుతున్నాయి. వైరు పీకేస్తే దిగుతాయి" అని చెయ్యి చాచాను.

"ఉండవే." ఆవిడ నా చెయ్యి పట్టుకున్నారు. "ఆ బ్యాటరీలో ఉన్నది ఆయన పట్టిన గాలే కదూ?"

"అవునండీ."

"అయితే దాన్ని అయిపోనీ. మనం ఆపొద్దు."

నేను వైరు ముట్టుకోలేదు. ఆయన్ని నా చేత్తో ఆపడం నాకూ ఇష్టం లేదు. విస్తట్లో అన్నం ఆరిపోతోంది. రెక్కలు ఒక్కొక్కటే విడిగా కనబడసాగాయి. చివరికి ఆగాయి. కింద గూట్లో బల్బు ఆరిపోయిందని ఎవరో చెప్పారు.

ఒక కాకి లేచింది. ముందు విస్తరి దగ్గరికి రాలేదు, రెక్క చివర వాలింది. దాని బరువుకి ఆ రెక్క మెల్లగా, విస్తరి వైపు, కిందికి దిగింది.