మా మగ్గాల వీధికి పెట్టిన ఎర్రంచు

రండి, ఇట్లా దగ్గరగా జరిగి కూర్చోండి. మోకాళ్ళ నొప్పులున్నవాళ్ళు ఆ గోడకు ఆనుకోండి, కాళ్ళు చాపుకున్నా తప్పులేదు, మనమంతా ఒక ఈడువాళ్ళమే కదా. నాకు చదువు నాలుగో తరగతితోనే నిలిచిపోయింది గానీ, కంటితో చూసింది మరిచిపోవడం మాత్రం ఇప్పటికీ చేతకాలేదు. చెప్పేది వరసగానే చెబుతాను. మధ్యలో పక్కదోవ పడితే మీరే ఓర్చుకోండి.

మొన్న వారంలో మా వీధికి ఒక లారీ నిండా సర్కారు మొక్కలు వచ్చాయి. నల్ల కవర్లలో నడుమెత్తు మొక్కలు, ఎండకు తలలు వేలాడేసుకొని ఉన్నాయి. వాటి వెనకాలే ట్యాబు చేత పట్టుకొని ఒక అమ్మాయి వచ్చి, వీధి అందంగా కనబడడానికి ఎవరి వాకిట్లో ఏ పూలచెట్టు పెట్టాలో ఇల్లిల్లూ తిరిగి అడిగి రాసుకుంటోంది. నాకూ బొమ్మలు చూపించింది, ఎర్రపూలవి, పసుపువి, ఊదావి. నేను బొమ్మల వైపు చూడకుండానే, ఎన్ని ఏండ్లుగా నోట్లో ఉన్న మాటో, "పడుగు సాచేదానికి జాగా ఇడ్సిపెట్టి గుంతలు తీయించమ్మా" అనేశాను. ఆ పిల్ల తలెత్తి చూసి, "పడుగంటే ఏందవ్వా?" అంది. పరాయి ఊరి పిల్లయితే నాకేమీ అనిపించేది కాదు. మా ఊరి పిల్లే, ఇంటిపేరు చెబితే వాళ్ళ ముత్తాత మగ్గం ఏ ఇంటి ఏ గదిలో ఉండేదో నేను చెయ్యి పట్టుకొని పోయి చూపించగలను.

మా ఊరు జమ్మలమడుగుకు దగ్గర. గండికోట చూడబోయేవాళ్ళ బస్సులు మా ఊరి మీదుగానే పోతాయి. నేను కాపురానికి వచ్చేనాటికి ఈ వీధిలో మగ్గం లేని ఇల్లు లేదు. తెలియనివాళ్ళుంటే వాళ్ళ కోసం చెబుతున్నాను, పడుగంటే బట్టకు నిలువునా ఉండే నూలు. మగ్గానికి ఎక్కించక ముందు ఆ పోగులన్నీ వీధి పొడుగునా కర్రల మీద సాచి, గంజి పెట్టి, ఇద్దరు ఇటు ఇద్దరు అటు నిలబడి కుంచెతో దువ్వుకుంటూ ఈ కొస నుంచి ఆ కొసకు నడుస్తారు. అందుకే మా వీధి, వీధిలాగా ఉన్నా, నిజానికి మా అందరి పనిచోటు. తెల్లవారుతూనే మొదలుపెట్టి ఎండ ముదరక ముందే ముగించాలి, ఎందుకంటే మన సీమ ఎండ తగిలితే గంజి పట్టిన నూలు పెళుసెక్కి పటపటా తెగుతుంది. నీడ ఉంటే నిమ్మళంగా ఆరుతుంది. కానీ మా వీధిలో నీడ ఏది? రోడ్డు తిన్నగా చేసినప్పుడు పాతచెట్లన్నీ కొట్టేశారట, చివర్లో రెండు వేపచెట్లు మాత్రం మిగిలి ఉండేవి. వాటి కింద జాగా కోసం వంతులు, వంతుల కోసం తగువులు.

ఆ తగువులు పడలేకే మా మామ, వీధికంతా పెద్దమనిషి ఆయనే, ఊరి బయట వంక పక్కనున్న నర్సరీకి పోయి, వీధికి రెండు వైపులా పెట్టేదానికి మొక్కలు కావాలని అడిగి వచ్చాడు. అక్కడ మొక్కలు సాకే పెద్దాయన కమలాపురం వైపు ముసల్మాను. మామా ఆయనా ఒకరినొకరు బావా అని పిలుచుకునేవాళ్ళు. మొక్కలు ఇవ్వక ముందు ఆ పెద్దాయన ఒక పొద్దున మా వీధికి వచ్చి, మా అరుగు మీద కూర్చొని, ఒక పడుగు సాచడం మొదలైనప్పటి నుంచి చుట్టేదాకా రెప్ప వేయకుండా చూశాడు. నేను మజ్జిగ ఇస్తే తాగి, లోటా కింద పెట్టి, "మీ వీధికి కానుగే బావా. కళ్ళు మూసుకొని కానుగ పెట్టు" అన్నాడు.

కానుగ అనేసరికి మామ మొహం ముడుచుకుంది. కానుగంటే వంక గట్ల మీద దానంతట అది మొలిచేది, మడికి ఎరువుగా తొక్కేది, పుల్ల విరిచి పండ్లు తోముకునేది. దాన్ని తెచ్చి వీధిలో అలంకారానికి ఎవరైనా పెట్టుకుంటారా? పైగా మామ మనసులో అప్పటికే వేరే బొమ్మ ఉంది. నేసిన బట్టలు అంగట్లో వేయడానికి కడపకు పోయినప్పుడు, ఒక పాతకాలం బంగళా ముందు తురాయి చెట్లు నిండా పూసి ఉండగా చూసి వచ్చాడు. అప్పటినుంచి అన్నం తింటున్నా అవే చెప్పేవాడు. నేతగాడు కదా, ఆయన కంటికి వీధి కూడా చీరలాగే కనిపించింది. తూర్పు వరసంతా ఎర్ర తురాయి ఒక అంచు, పడమటి వరసంతా పసుపుపూల తురాయి రెండో అంచు, వీధి మొదట్లో రెండు రంగులూ కలిపి దగ్గర దగ్గరగా నాటితే అది కొంగు. బొగ్గుతో అరుగు మీద గీసి మరీ చూపించాడు. మాకెవరికీ అది తప్పుగా తోచలేదు, ఎందుకంటే మేమందరమూ అట్లాగే ఆలోచించేవాళ్ళం, రంగు కుదిరితే పని కుదిరినట్టే. మా అత్త ఒక్కతే వాకిలి ఊడుస్తూ, "చెట్లకు గూడా జరీ పెట్టిచ్చేట్టుండావే" అంది.

పెద్దాయన ఆ బొగ్గుగీతలు చూసి శానాసేపు నవ్వాడు. "చీరైతే నచ్చకుంటే మడిచి పెట్టెలో పెట్టుకుంటావు బావా, చెట్టును యాడ పెడతావు? దాని వేరు పైపైనే పోతాది, గాలికి కొమ్మ ఇరుగుతాది. సలికాలం ఆకే ఉండదు. ఇంగ పూలంటావా, అవి రాలేది సరిగ్గా పెండ్లిళ్ళ నెలల్లోనే. మీకు పడుగులు ఎక్కువుండేదీ అప్పుడే గదప్పా?"

"పూలు రాల్తే ఊడ్చుకుంటాం లే. మా ఇండ్లల్లో కోడండ్లు లేరా?" అన్నాడు మామ.

అట్లా తురాయిలే వచ్చాయి. కోడండ్లమే నీళ్ళు మోసి పోశాం, ఒక్కో ఇంటికి రెండేసి మొక్కలు. మా వాకిట్లో ఎర్రది. నేను దానికి కుండలు కడిగిన గంజినీళ్ళు పోసేదాన్ని, అందువల్లనో ఏమో వీధిలో అన్నింటికంటే ముందు అదే పెరిగింది. చిన్నప్పుడు మా పుట్టింట్లో గేదెదూడను నాకని విడిచిపెట్టారు, దాని తర్వాత నాదని అనుకున్నది ఆ చెట్టే. నాలుగైదు ఏండ్లు గడిచేసరికి అన్నీ పూశాయి. నిజం చెప్పాలి కదా, అంత అందం నేను మళ్ళీ ఎక్కడా చూడలేదు. బస్సులో పోయేవాళ్ళు దిగి వచ్చి చూసి పోయేవాళ్ళు. పడుగులు సాచే పొద్దున కోడండ్లం ముందే లేచి ఊడ్చేవాళ్ళం, పొడిపూలు ఒకటో రెండో నూలు మీద పడినా ఏరి పారేసేవాళ్ళం. మామ కొంగు దగ్గర నిలబడి వీధిని ఆ కొసదాకా చూసుకునేవాడు.

ఆ ఏడే మా ఆడబిడ్డకు పెండ్లి కుదిరింది. వియ్యంకులది పెన్న అవతలి ఊరు, వాళ్ళదీ నేత ఇల్లే. మా వాళ్ళలో ఒక కట్టు ఉంది, పెండ్లికూతురికీ పెండ్లికొడుక్కీ పెట్టే మధుపర్కాలు, ఆ తెల్లబట్టల జత, అంగట్లో కొనరు. పిల్ల తండ్రి తన మగ్గం మీద తనే నేసి ఇవ్వాలి. తీసుకునేవాళ్ళు కూడా నేతగాళ్ళే కాబట్టి వెలుతురుకు పట్టి పోగు పోగూ చూస్తారు. దాంట్లో మరకో ముడో కనిపిస్తే బట్టకు కాదు, నేసిన చేతికి మాట వస్తుంది. మామ ఆ నూలును ఏడాదిగా విడిగా దాచి పెట్టుకున్నాడు. ఒక జతకు సరిపడా, అంతే.

పెండ్లి ఇంకో పక్షం ఉందనగా పడుగు సాచారు. నేను రెండుసార్లు ఊడ్చాను. గంజి పెట్టారు, నూలు తడితడిగా పాలలాగా మెరుస్తోంది, మా ఇంటాయన కుంచె పట్టుకొని ఒక తూగులో నడుస్తున్నాడు. అప్పుడు కొండ వైపు నుంచి గాలి లేచింది. పెద్దగాలి కూడా కాదు. మా వాకిట్లో చెట్టు ఒక్కసారి ఒళ్ళు దులుపుకున్నట్టు దులుపుకుంది. తడి నూలు మీద పూలు అతుక్కున్నాయి. "కుంచె ఆపురా!" అని మామ అరిచినా మా ఇంటాయన అడుగులు వెంటనే ఆగలేదు. కుంచె పూలను నలుపుకుంటూ నాలుగు బారలు లాగేసింది. తెల్లనూలు మీద పూరేకుల ఎర్రటి చార, పుప్పొడి పసుపు చార. తడి గుడ్డతో అద్దితే ఇంకా పాకింది.

మా ఆడబిడ్డ వాకిట్లోకి వచ్చి చూసి లోపలికి పోయింది. మామ కత్తి తెమ్మని, చార పడిన భాగం అటూ ఇటూ కోసేశాడు. మిగిలిన నూలు ఒక చీరకు వస్తుంది. పెండ్లికొడుకు ధోవతికి రాదు.

మరునాడు పొద్దున్నే ఆయన తనంతట తనే వియ్యంకుల ఊరికి పోయాడు, తోడుకు మా ఇంటాయనను తీసుకుపోయాడు. అక్కడ జరిగింది మా ఇంటాయన చెబితే విన్నదే. మామ కూర్చోకుండానే, దాచకుండా, జరిగినదంతా చెప్పి, ధోవతి ఇచ్చుకోలేనని చేతులు జోడించాడట. వియ్యంకుడు అంతా విని, "వీధినంతా చీరగా నేసినావంటనే, ఊరూరా చెప్పుకుంటాండారు. బారెడు ధోవతి కాడ చెయ్యి తిరగలేదా బావా?" అని ఒక పోటు పొడిచి, లోపలికి కేకేసి, తన మగ్గం మీద ఉన్నది దింపించి, కొడుకు ధోవతి తనే నేస్తానని తెల్లనూలు ఎక్కించమన్నాడట. మా కులంలో అట్లా జరగడం అంతకు ముందు నేను వినలేదు. పెండ్లి జరిగింది. పీటల మీద చీర మా ఇంటిది, ధోవతి వాళ్ళింటిది, పక్కపక్కన పెడితే తెలుపులో ఇసుమంత తేడా. అది నేతవాళ్ళకే కనబడుతుంది, కానీ పందిట్లో ఉన్నవాళ్ళంతా నేతవాళ్ళే.

పెండ్లివారు వెళ్ళిన మూడోనాడు మామ గొడ్డలి తీసుకొని మా వాకిట్లో చెట్టు దగ్గరకు పోయాడు. నన్ను అడగలేదు, అడగాలని ఆయనకు తోచి ఉండదు. చెట్టు మెత్తటిది, తొందరగానే పడిపోయింది. మిగతా ఇండ్లవాళ్ళను కొట్టమని ఆయన ఒక్క మాట అనలేదు, అయినా శ్రావణం వచ్చేలోపు తూర్పు వరసా పోయింది, పడమటి వరసా పోయింది. వీధి మళ్ళీ బోడిగా అయింది.

వానలు పడగానే నర్సరీ పెద్దాయన బండిలో కానుగ మొక్కలు వేసుకొని పిలవకుండానే వచ్చాడు. అందరం చూస్తున్నాం, ఏమంటాడో అని. బండి దిగి, బీడీ వెలిగించుకొని, "ఈ తూరి అంచు ఏం రంగు పెడదాం బావా?" అన్నాడు.

మామ పార అందుకొని గుంత మొదలుపెడుతూ తలెత్తలేదు. "నల్లంచు పెట్టు. నీడ నల్లగుంటే సాలు."

అంతే, ఇద్దరూ నవ్వుకున్నారు. ఈసారి పెద్దాయన గుంతలు తనే కొలిచి చూపించాడు, పడుగుకు అడ్డం రాకుండా ఎంత ఎడం ఉండాలో, కొమ్మ ఏ ఎత్తున విరగదీయాలో. కానుగ నిదానంగా పెరిగింది. ఎండలు ముదిరే వేళకు పాత ఆకు దులిపేసుకొని లేతాకు తొడిగేది, పూత రాలితే బొరుగులు చల్లినట్టు పొడిపొడిగా ఉండేది, చేత్తో దులిపితే పోయేది. చూసేదానికి ఎవరూ బస్సు దిగి రాలేదు. ఎన్నో ఏండ్లు ఆ నీడలో పడుగులు సాచాం, నా పిల్లల పెండ్లి బట్టలకూ అక్కడే సాచాం.

తర్వాతది మీకు తెలియనిది కాదు. నూలు మిషన్ల మీద చుట్టుకొని, తయారుగా రావడం మొదలైంది, పడుగు వీధిలోకి రావలసిన పని తప్పింది. ఆ తర్వాత మగ్గాలే ఒక్కొక్కటిగా లేచాయి. కాళ్ళు దించుకొని కూర్చుని నేసే మగ్గం గుంతలు పూడ్చి బండలు పరిచారు. సిమెంటు రోడ్డు వేసి కాలువ తవ్వినప్పుడు కానుగలు కొట్టేస్తే, అడ్డుపడినవాళ్ళు ఒక్కరూ లేరు. అడ్డుపడడానికి ఎవరికీ వాటితో పని లేదు, నాతో సహా.

ఇప్పుడు గుంతలు తీశారు. ఎదురింటివాళ్ళు ఎర్రపూలు కోరుకున్నారట, పక్కింటివాళ్ళు పసుపు. వద్దనేదానికి నా దగ్గర ఏ కారణమూ లేదు. ఏ చెట్టయినా పెట్టుకోవచ్చు, ఎప్పుడయినా పూయవచ్చు, ఎంత గాలయినా లేవవచ్చు. పూలు రాలితే రాలనీ, కింద ఏమీ లేదు.

పొద్దు వాలింది, ఇంక లేవండి. మీ వాకిట్లో ఏ చెట్టున్నా దాని కింద నలుగురు మనుషుల పని సాగుతుండాలి. మీ ఇంట్లో పెండ్లికి పెట్టిన తెల్లబట్ట తెల్లగానే పీటల మీదికి చేరాలి. మీ ఆడబిడ్డలూ మీ కోడండ్లూ చల్లగా ఉండాలి.